అమెరికా బీమా వచ్చేదాకా మెనింజైటిస్ టీకా ఆపవచ్చా?

ప్రశ్న: మాది నెల్లూరు, బెంగళూరులోని మారతహళ్లిలో స్థిరపడ్డాము. పద్దెనిమిదేళ్ల మా అమ్మాయికి టెక్సాస్‌లో డిగ్రీ సీటు వచ్చింది, ఆగస్టులో తరగతులు మొదలవుతాయి. మెనింజైటిస్ (మెదడు, వెన్నుపాము చుట్టూ ఉండే పొరల వాపు) టీకా తప్పనిసరి అన్నారు. ఇక్కడి క్లినిక్‌లో డోసుకు అయిదు వేలకు పైనే చెబుతున్నారు, నాలుగో తరగతి చదివే మా బాబుకు కూడా వేయించమంటున్నారు. అమెరికాలో బీమా కింద ఉచితంగా వేస్తారు కదా, ఆగుదామని మావారు అంటున్నారు. లేదంటే ఇక్కడ మా ఆఫీసు బీమా నుంచి ఈ ఖర్చు రాబట్టుకోవచ్చా?

జవాబు: మీవారి మాటలో నిజం లేకపోలేదు. విశ్వవిద్యాలయం ద్వారా తీసుకునే విద్యార్థి బీమాలు చాలావరకు ఇటువంటి టీకాల ఖర్చును పూర్తిగా భరిస్తాయి. అయితే టెక్సాస్ చట్టం ప్రకారం 22 ఏళ్లు నిండని కొత్త విద్యార్థులు సెమిస్టర్ మొదలయ్యే రోజుకు కనీసం 10 రోజుల ముందే టీకా వేయించుకుని ఉండాలి, ఆ బీమా మాత్రం సాధారణంగా సెమిస్టర్ దగ్గరపడ్డాకే అమల్లోకి వస్తుంది. ఉచితమనుకున్న డోసుకు అక్కడ సొంత డబ్బే కట్టవలసి వస్తే వంద డాలర్లకు పైగా అవుతుంది, క్లినిక్ ఫీజు అదనం. రుజువు అందక రిజిస్ట్రేషన్ ఆగిపోతే కావలసిన సబ్జెక్టుల్లో సీట్లు నిండిపోతాయి, ఆ నష్టానికి లెక్క కట్టడం కష్టం. కనుక ఇక్కడే, ఇప్పుడే వేయించండి.

ఆఫీసు బీమాపై ఆశ పెట్టుకోకండి. మన ఆరోగ్య పాలసీలు ప్రధానంగా ఆసుపత్రిలో చేరినప్పటి ఖర్చుకే వర్తిస్తాయి. ఓపీడీ ప్రయోజనం (ఆసుపత్రిలో చేరకుండా చేయించుకునే వైద్యానికి బీమా) విడిగా ఉంటే తప్ప టీకా బిల్లు చెల్లదు, ఉన్నా షరతులు చదివి చూడాలి. పాత పన్ను విధానంలో ముందస్తు ఆరోగ్య పరీక్షలకు ఉన్న 5,000 రూపాయల మినహాయింపులో ఈ బిల్లును చూపాలన్న ఆలోచన కూడా వద్దు, అది పరీక్షలకు ఉద్దేశించినది.

వేయించవలసింది ఏ, సీ, వై, డబ్ల్యూ రకాల బాక్టీరియా నుంచి కాపాడే టీకా. పదహారేళ్లు దాటాక తొలి డోసు తీసుకునే ఆరోగ్యవంతులకు సాధారణంగా ఒక్క డోసు సరిపోతుంది. వేసవిలో విద్యార్థుల తాకిడి ఉంటుంది కాబట్టి నిల్వ ఉందో లేదో ఫోన్ చేసి కనుక్కున్నాకే క్లినిక్ దాకా ట్రాఫిక్‌లో బయలుదేరండి. ధ్రువపత్రం ఇంగ్లీషులో ఉండాలి, అందులో టీకా పేరు, తేదీ, బ్యాచ్ సంఖ్య, డాక్టరు సంతకం, ముద్ర ఉండేలా చూసుకోండి. బీ రకానికి వేరే టీకా ఉంది; మీవారు చెప్పిన బీమా లెక్క సరిగ్గా పనికొచ్చేది దానికే. అమ్మాయి అక్కడికి చేరాక, అది పాలసీలో ఉందేమో చూసి, డాక్టరుతో మాట్లాడి నిర్ణయించుకోవచ్చు.

చట్టం కోరినందుకే ఈ ఖర్చు పెట్టమనడం లేదు. చికిత్స అందినా వందలో 10 నుంచి 15 మంది ప్రాణాలు తీసే వ్యాధి ఇది. లాలాజలం ద్వారా, దగ్గరగా మసలడం వల్ల వ్యాపిస్తుంది కాబట్టి హాస్టల్ జీవితంలో ముప్పు ఎక్కువ.

బాబు సంగతి వేరు. ఈ టీకా మన ప్రభుత్వ సార్వత్రిక టీకాల కార్యక్రమంలో లేదు. ప్లీహం (స్ప్లీన్) లేని పిల్లలు, కొన్ని రోగనిరోధక లోపాలు ఉన్నవారు, వ్యాధి ఉన్న ప్రాంతాలకు ప్రయాణించేవారు వంటివారికే పిల్లల వైద్యులు దీన్ని ముఖ్యంగా సూచిస్తారు. వాడిని చిన్నప్పటి నుంచి చూస్తున్న డాక్టరు అవసరమంటే వెనుకాడకండి. క్లినిక్ కౌంటరులో చెప్పారన్న కారణం ఒక్కటే అయితే ఆ అయిదు వేలను, ఉద్యోగం మారితే ఆగిపోయే ఆఫీసు బీమాకు తోడుగా కుటుంబానికి సొంత పాలసీ తీసుకుని, దాని ప్రీమియంలో వేయండి.