ఖాళీలు తక్కువ చూపితే కోర్టు ధిక్కారమవుతుందా?

ఆరు వారాల్లో ఖాళీల వివరాలను పబ్లిక్ సర్వీస్ కమిషన్‌కు పంపాలని హైకోర్టు చెబితే, శాఖ సగం పోస్టులే చూపిందని, ధిక్కార పిటిషన్ వేయవచ్చా అని అడిగారు. ముందు తీర్పు చివరి పేరా మళ్లీ చదవండి. మీ కేసు బలమంతా అక్కడే ఉంటుంది. ‘పంపాలి’ అని సూటిగా ఆదేశించి ఉంటే, ఉద్దేశపూర్వకంగా పంపకపోవడం ధిక్కారమే. ‘పరిశీలించి నిర్ణయం తీసుకోవాలి’ అని మాత్రమే ఉంటే, ఏదో ఒక ఉత్తర్వు ఇచ్చి చేతులు దులుపుకుంటారు. ఆ ఉత్తర్వు తప్పయినా దానిపై కొత్తగా రిట్ వేయాల్సిందే, జె.ఎస్. పరిహార్ కేసులో 1996లో సుప్రీంకోర్టు అన్నది ఇదే.

మీ వివాదం సంఖ్య గురించి. తీర్పులో అంకె లేకపోతే, ‘పదోన్నతి కోటా పోగా మిగిలినవి ఇవే’ అని శాఖ సులువుగా తప్పించుకుంటుంది. అందుకే సమాచార హక్కు చట్టం కింద మంజూరైన పోస్టులు, పనిచేస్తున్నవారి సంఖ్య, రోస్టర్ రిజిస్టర్ (ఏ పోస్టు ఏ రిజర్వేషన్ వర్గానికో నమోదు చేసే పుస్తకం) నకలు ఇప్పుడే అడగండి. 30 రోజుల్లో ఇవ్వాలి. ఇస్తారన్న నమ్మకం నాకైతే తక్కువే, మొదటి అప్పీలు కూడా సిద్ధం చేసుకోండి.

అయితే వినతిపత్రాలతో కాలయాపన చేయకండి. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం 20వ సెక్షన్ ప్రకారం గడువు, ధిక్కారం జరిగిన తేదీ నుంచి ఏడాది. తీర్పు నకలు సంబంధిత అధికారికి అందినట్టు రసీదు దగ్గర ఉంచుకోండి. తెలియదనే సాకు అక్కడితో పోతుంది.

ఖాళీలు తేలినా, ఎంపిక జాబితాలో పేరున్నా నియామకం దానంతట అదే హక్కు కాదని శంకరసన్ దాస్ కేసులో 1991లోనే తేల్చారు. పిటిషన్‌లో ఉద్యోగం అడగకండి, ఆదేశం అమలు మాత్రమే అడగండి.