వాడి నాన్న చందా కట్టాడా?

చిరంజీవికి,

కథ అందింది. ఆడవాళ్లు చెట్ల కింద ఆలివ్ కాయలు ఏరే ఘట్టం బాగుంది. మిగతాది చదువుతుంటే ఒళ్లు మండింది, అందుకే వెంటనే రాస్తున్నాను.

పారిస్‌లో పుట్టిన నీ కుర్రాడు తాత ఊరు చూడ్డానికి అల్జీరియా వెళ్తాడు. జుర్జురా కొండలు కనపడగానే కారు దిగి, గుప్పెడు మట్టి తీసి కళ్లకద్దుకుని ఏడుస్తాడు. ఎందుకయ్యా ఆ ఏడుపు? అది మన సినిమా హీరోలు చేసే పని.

ఆ కొండల్లో ఉండే బెర్బర్ జాతివాళ్లు కబైల్‌లు. వాళ్ల ఊళ్లలో మనిషికీ ఊరికీ ఉన్న బంధం డబ్బు లెక్కల్లో కనిపిస్తుంది. ఊరి సభను తజ్మాత్ అంటారు. ఊరుమ్మడి పని ఎగ్గొడితే జరిమానా వేస్తుంది. ఫ్రాన్స్‌కి వలసపోయినవాళ్లు కూడా ఊరివారీగా సంఘాలు పెట్టుకుని చందాలు పోగుచేస్తారు. అక్కడెవరైనా పోతే శవాన్ని సొంతూరికి చేర్చేది ఆ డబ్బుతోనే. మరి వీడి నాన్న చందా కట్టాడా, ఎగ్గొట్టాడా? మానేసిన ఏడు ఇంట్లో ఏం గొడవైంది? నీ కథ అక్కడుంది.

నా తొలి కథల్లో కూలి లెక్కలుండేవి. ఓ వారపత్రిక సంపాదకుడు అవన్నీ కొట్టేసి, ‘మట్టి పరిమళం’ అని తనే పేరు పెట్టి వేశాడు. మెచ్చుకుంటూ ఉత్తరాలు బోలెడొచ్చాయి. కూలి సంగతి అడిగినవాడు లేడు. ఇప్పటికీ బహుమతి కథలు తిరగేస్తే అదే వాసన.

నానమ్మ ఇంట్లోనూ నువ్వు ‘వేర్లు’ అంటూ ఉపన్యాసమే ఇచ్చావు. ఆ పాతకాలపు ఇల్లు ఒకటే గది. పల్లంలో పశువులు, మెరక మీద మనుషులు. చలికాలంలో పశువుల వేడే మనుషులకూ. రెంటికీ మధ్య అరుగు మీద ధాన్యానికి, ఎండు అంజీర్‌కి పెద్ద పెద్ద మట్టి గాదెలు. గాదె పొట్టకున్న కన్నంలో వాడి చెయ్యి పెట్టించు. ఏం తగిలిందో రాయి చాలు.

కబైల్‌ల భాషా ఉద్యమం ‘చెలరేగింది’ అని ఒక్క ముక్కలో తేల్చేశావు. 1980 మార్చిలో, కబైల్ ప్రాంతంలోని తిజి వుజు పట్నం యూనివర్సిటీలో, పాత కబైల్ కవిత్వం మీద రచయిత మౌలూద్ మమ్మెరి మాట్లాడాల్సిన సభను ప్రభుత్వం ఆపేసింది. పాత పద్యాల మీద ఉపన్యాసం! దాంతో ఏప్రిల్‌కి ఆ ప్రాంతమంతా సమ్మె. సభకని వచ్చి వెనుదిరిగిన విద్యార్థుల్లో ఆ నాన్నని పెట్టు. తమాజిఘ్త్‌ని, అంటే బెర్బర్ భాషని, రాజ్యాంగంలో అధికార భాష చేసేసరికి 2016 వచ్చింది. అప్పటికి ఆయన పారిస్‌లో రిటైరయ్యే వయసుకి చేరువలో ఉంటాడు.

చందా సంగతి తేలేదాకా కథ ఎవరికీ పంపకు. పోటీ గడువు దగ్గరపడుతోందన్నావు, పడనీ.