బీడీఎస్ చదివిన అమ్మాయికి మెడికల్ కోడింగ్ సరిపోతుందా?

ప్రశ్న: మాది చిత్తూరు. మా అమ్మాయి బీడీఎస్ పూర్తి చేసి ఏడాది దాటింది. తిరుపతిలో ఒక డెంటల్ క్లినిక్‌లో పని చేస్తూ, సాయంత్రాలు మెడికల్ కోడింగ్ (పేషెంటు రికార్డు చదివి, జబ్బుకూ చికిత్సకూ తగిన కోడు రాసే పని) నేర్చుకుంది. పోయిన నెల చెన్నైలో ఇంటర్వ్యూకి వెళ్తే దవడ విరిగి అతకని కేసు ఒకటి ఇచ్చి కోడు రాయమన్నారట. పేషెంటుకు ఐదు నెలల కిందట వేరే ఆస్పత్రిలో దవడ ఎడమ మూలకు ప్లేటు వేశారు. ఎముక అతకలేదని డాక్టరు రాసి, ఇప్పుడు మళ్ళీ ఆపరేషన్ చేస్తున్నారు. మా అమ్మాయి ఆ కోడు చివరి అక్షరం ‘ఎ’ అని రాసింది. తప్పన్నారు, సెలక్ట్ కాలేదు. ‘డెంటల్ చదివి దవడ కేసే తప్పు చేశాను’ అని సరిగా అన్నం కూడా తినడం లేదు. ఆపరేషన్ జరుగుతుంటే అది యాక్టివ్ ట్రీట్‌మెంట్ కాదా అని ఇప్పటికీ అడుగుతోంది. ఈ లైను ఆమెకు సరిపోతుందా? ఉద్యోగం గ్యారంటీ అంటున్న ఇంకో ఇన్‌స్టిట్యూట్‌లో చేర్చమంటారా?

జవాబు: అయ్యా, ముందు ఆ అక్షరం సంగతి తేలుద్దాం. అది తేలితే మీ మిగతా ప్రశ్నలకు సగం జవాబు దొరికినట్టే.

ఎముక అతకడం అంటే ఏమిటో పుత్తూరు కట్టు చూస్తూ పెరిగిన మనకు కొత్తగా చెప్పక్కర్లేదు. చెయ్యి విరిగితే కదలకుండా కట్టేస్తారు. దవడను అలా ఉంచడం కష్టం. మాట్లాడాలి, మింగాలి. అందుకే పై పళ్ళనూ కింది పళ్ళనూ తీగలతో కలిపి కొన్ని వారాలు బిగిస్తారు, లేదా ప్లేటు వేసి స్క్రూలు బిగిస్తారు. ముఖం ఎముకలకు రక్తం బాగా అందుతుంది కాబట్టి చాలావరకు అతుకుతాయి. అతకకుండా ఇబ్బంది పెట్టేది ఎక్కువగా కింది దవడే. చీము పట్టినా, విరిగిన చోట కదలిక మిగిలినా, షుగరు అదుపులో లేకపోయినా, పొగ తాగుతున్నా ఆ ప్రమాదం పెరుగుతుంది. ఇదంతా మీ అమ్మాయికి నాకంటే బాగా తెలుసు.

ఇక కోడు. అమెరికా ఆస్పత్రుల బిల్లుల కోసం వాడే ఐసీడీ-10-సీఎం అనే జబ్బుల కోడ్ల జాబితాలో తల, ముఖం ఎముకల విరుపులన్నీ ఎస్02 కింద ఉంటాయి. దవడ మూల, ఎడమ వైపు అంటే ఎస్02.652. దాని వెనక ఏడో అక్షరం ఒకటి రావాలి. మూసి ఉన్న విరుపుకు మొదటి వైద్యం (యాక్టివ్ ట్రీట్‌మెంట్) జరుగుతుంటే ఎ, గాయం ఎముక దాకా తెరుచుకున్న విరుపైతే బి. తర్వాతి దశలో మామూలుగా అతుకుతుంటే డి, ఆలస్యంగా అతుకుతుంటే జి, అతకకపోతే కె. పాత గాయం మిగిల్చిన ఇబ్బందికి ఎస్.

మీ అమ్మాయి లాజిక్ నాకు అర్థమైంది. ఆపరేషన్ అంటే వైద్యం జరుగుతున్నట్టే కదా అనుకుంది. కానీ గైడ్‌లైన్ సూటిగా ఉంది: విరుపుకు వైద్యం జరిగాక అతకకపోవడం ఒక కాంప్లికేషన్, దానికి చేసే చికిత్స ఆపరేషన్ అయినా సరే కె అక్షరమే రాయాలి. కాబట్టి సరైన జవాబు ఎస్02.652కె. అదే మనిషి దెబ్బ తగిలాక డాక్టరు దగ్గరికే వెళ్ళకుండా నెలల తరబడి ఇంట్లో ఉండిపోయి, ఇప్పుడే మొదటిసారి వైద్యానికి వచ్చాడనుకోండి, అప్పుడు ఎముక అతకని స్థితిలో ఉన్నా ఎ రాయాలి. ఈ రెండు కేసుల తేడా ఆమె చేత నాలుగైదుసార్లు రాయించండి. ఇంకొకటి: కాలు, చెయ్యి విరుపుల్లో ఎముక వంకరగా అతికితే పి అనే అక్షరం ఉంది. ఎస్02లో అది లేదు. అలవాటు కొద్దీ పి పెడితే ఆ కోడు చెల్లదు.

ఇప్పుడు అసలు మాట. డెంటల్ చదువు ఆమెకు ఈ పనిలో పెద్ద బలం. దవడ మూల ఏది, కండైల్ (దవడ కీలు దగ్గరి గుండ్రటి భాగం) ఏది అని మిగతావాళ్ళు బొమ్మలు పెట్టుకుని నేర్చుకుంటారు, ఆమె చేత్తో పట్టుకుని నేర్చుకుంది. కానీ జాగ్రత్త పడాల్సింది కూడా అక్కడే. ఎక్స్‌రే రిపోర్టు చదవగానే ఆమెలోని డాక్టరు ‘ఇది అతకలేదు’ అని తేల్చేస్తుంది. కోడరు ఆ పని చేయకూడదు. ఆరు నెలలు గడిచినా, ఎముకల మధ్య సందు కనిపిస్తున్నా, చికిత్స చేసే డాక్టరు నాన్‌యూనియన్ (ఎముక అతకలేదు) అని రాయకపోతే కె పెట్టే అధికారం మనకు లేదు. అనుమానం ఉంటే డాక్టరుకు క్వెరీ, అంటే వివరణ అడుగుతూ ప్రశ్న, పంపాలి. ప్లేటు వల్లే చీము పట్టిందా అన్నదీ అంతే, డాక్టరు కలిపి రాస్తేనే దానికి వేరే కోడు. తనకు తెలిసినదాన్ని పక్కన పెట్టి, రాసి ఉన్నదాన్నే చదవడం చాలామంది డాక్టరు చదువు పిల్లలకు మొదట్లో ఊపిరాడనట్టు ఉంటుంది. మీ అమ్మాయికి అది ఇష్టమేనా అని ఆమెనే అడగండి. పేషెంటుతో మాట్లాడుతూ, చేతులతో పని చేయడంలోనే ఆమెకు ఆనందం ఉంటే ఎండీఎస్ (డెంటల్ పీజీ) కోసం నీట్ రాయించండి, కోడింగ్ వద్దు. రికార్డు చదివి ఒక్కో ముక్కా పేర్చడం ఇష్టమైతే ఈ లైనులో ఆమె పైకి వస్తుందని నేను గట్టిగా నమ్ముతున్నాను.

గ్యారంటీ ఇన్‌స్టిట్యూట్ మాత్రం వద్దు. నా దగ్గరికి వచ్చిన ఒక కుర్రాడు అలాంటి చోట ఫీజు మొత్తం ముందే కట్టాడు, చివరికి వాళ్ళు ఇచ్చింది రెండు ఇంటర్వ్యూ అడ్రసులే. ఆ డబ్బు సీపీసీ అనే కోడర్ల సర్టిఫికెట్ పరీక్షకు పెట్టండి. 100 ప్రశ్నలు, 4 గంటలు, 70 శాతం వస్తే పాస్, కోడ్ పుస్తకాలు దగ్గర పెట్టుకునే రాయొచ్చు. అనుభవం లేకుండా పాసైతే సర్టిఫికెట్ మీద అప్రెంటిస్ అని ‘ఎ’ ఉంటుంది, పని చేశాక అది తీసేస్తారు. ఐసీడీ కోడ్లు ఏటా అక్టోబరు 1న మారతాయి, కాబట్టి పాత పుస్తకం తక్కువకు దొరికిందని కొనకండి.

ఉద్యోగాలు ఎక్కువగా చెన్నై, హైదరాబాద్, బెంగళూరుల్లో ఉన్నాయి. చెన్నై అయితే సెలవులకు రైలెక్కి ఇంటికి వచ్చిపోవచ్చు. సర్జరీ, ఎమర్జెన్సీ విభాగాల్లో ఖాళీలు చూడమనండి, ముఖం విరుపుల కేసులు అక్కడే వస్తాయి, ఆమె చదువు అక్కడే పనికొస్తుంది. ఉద్యోగం వచ్చేదాకా క్లినిక్ మానొద్దు. వచ్చాక కూడా డెంటల్ కౌన్సిల్ రిజిస్ట్రేషన్ రెన్యువల్ చేయించుకుంటూనే ఉండాలి, ఎప్పుడైనా మనసు మారితే ఆ తలుపు తెరిచే ఉంటుంది.

ఈ ఉత్తరం ఆమెకే ఇచ్చి చదివించండి. ఒక కేసు రాస్తున్నాను, జవాబు నాకు పంపమనండి: ముక్కు ఎముక విరిగి మూడు నెలలైంది, మొదట్లోనే ఆస్పత్రిలో సరిచేశారు, ఇప్పుడు చెకప్‌కు వస్తే ‘నెమ్మదిగా అతుకుతోంది’ అని డాక్టరు రాశాడు. చివరి అక్షరం ఏది, ఎందుకు?