సీటీ నార్మల్ అన్నాక ఎమ్మారై ఎందుకు?

మీ నాన్నగారికి ఉన్నట్టుండి మూతి వంకర పోయి, మాట తడబడింది. ఆసుపత్రిలో వెంటనే సీటీ స్కాన్ తీసి నార్మల్ అన్నారు. మర్నాడు ఎమ్మారై రాశారు, చెయ్యి అదురుతోందని చెబితే ఈఈజీ కూడా రాశారు. ఒక స్కాన్ బాగుందన్నాక మిగతావి ఎందుకు, ఇవన్నీ ఎలా పనిచేస్తాయి, ఆలోచనలను కూడా చూడగలవా అని మీరు అడిగారు. నేను హైదరాబాద్‌లో రేడియోగ్రాఫర్‌ని. సీటీ, ఎమ్మారై గదుల్లోనే నా ఉద్యోగం. డబ్బు కట్టే కుటుంబం తప్పకుండా అడగవలసిన ప్రశ్న ఇది.

సీటీ నార్మల్ వచ్చిందంటే మెదడంతా బాగుందని అర్థం కాదు. ఆ గంటలో డాక్టరుకు ముఖ్యంగా తెలియాల్సింది ఒక్కటే: లోపల రక్తస్రావం ఉందా, లేదా? పక్షవాతం రక్తనాళం చిట్లినా వస్తుంది, అందులో రక్తపు గడ్డ అడ్డుపడినా వస్తుంది. పైకి రెండూ ఒకేలా కనిపిస్తాయి. గడ్డను కరిగించే ఇంజెక్షన్‌ను సాధారణంగా లక్షణాలు మొదలైన నాలుగున్నర గంటల లోపు ఇవ్వాలి. అదే ఇంజెక్షన్ రక్తస్రావం ఉన్నవారికి ఇస్తే ప్రాణం మీదికి వస్తుంది. సీటీ కొన్ని నిమిషాల్లో ముగుస్తుంది, కొత్తగా చిందిన రక్తం అందులో తెల్లగా తేలిపోతుంది. గడ్డ వల్ల దెబ్బతిన్న భాగం మాత్రం తొలి గంటల్లో చాలాసార్లు కనిపించదు. అందుకే అత్యవసర విభాగంలో నార్మల్ సీటీ తరచుగా మంచి కబురు, రక్తస్రావం లేదని తేలితేనే ఇంజెక్షన్ సంగతి ఆలోచించవచ్చు. "సీటీ వద్దు, నేరుగా ఎమ్మారై తీయండి" అని బంధువులు పట్టుబట్టినప్పుడు నాకు నిజంగా భయం వేస్తుంది. ఆ వాదనలో పోయే ప్రతి నిమిషం రోగిదే.

సీటీ అంటే తల చుట్టూ తిరిగే ఎక్స్‌రే. ఎముక ఎక్కువ కిరణాలను ఆపుతుంది, రక్తం అంతకన్నా తక్కువ, మెదడు ఇంకా తక్కువ. ఎదుటివైపు పరికరాలు ఈ తేడాలను కొలిస్తే, కంప్యూటర్ వాటిని పొరలు పొరలుగా బొమ్మ కడుతుంది. 1971 అక్టోబరు 1న లండన్‌లో తొలిసారి ఒక రోగి తలను ఇలా స్కాన్ చేశారు. యంత్రాన్ని తయారుచేసిన హౌన్స్‌ఫీల్డ్‌కు, గణితం సమకూర్చిన కార్మాక్‌కు 1979లో నోబెల్ వచ్చింది. అంతకుముందు ఎక్స్‌రేలో పుర్రె కనిపించేది కానీ మెదడు కనిపించేది కాదు. వెన్నులోంచి గాలి ఎక్కించి దాని అంచులను చూసేవారు. ఆ పద్ధతి రోగులను ఎంత బాధపెట్టేదో చదివినప్పటి నుంచి ఈ యంత్రం మీద నాకు గౌరవం పెరిగింది.

ఎమ్మారైలో ఎక్స్‌రే లేదు. మన ఒంట్లోని నీటిలో ఉన్న హైడ్రోజన్ కేంద్రకాలు బలమైన అయస్కాంతం మధ్య ఒక క్రమంలోకి వస్తాయి. రేడియో తరంగంతో వాటిని కదిలించి, అవి తిరిగి సర్దుకునేటప్పుడు ఇచ్చే సంకేతాన్ని పట్టుకుంటాం. 1.5 టెస్లా (అయస్కాంత బలానికి కొలమానం) యంత్రం భూమి అయస్కాంత శక్తికి దాదాపు 30,000 రెట్లు. డిఫ్యూజన్ అనే పద్ధతిలో నీటి అణువుల కదలికను కూడా చూడవచ్చు. రక్తం అందని కణాలు ఉబ్బి, నీరు కదలలేక ఆగిపోతుంది. సీటీ చూపించలేని ఆ చోటు ఇక్కడ తెల్లటి మచ్చగా బయటపడుతుంది. మీ నాన్నగారికి మర్నాడు ఎమ్మారై రాయడానికి కారణం ఇదే అయి ఉంటుంది. ఎంత భాగం దెబ్బతిన్నది, ఏ రక్తనాళం వైపు అన్నది తెలిస్తే మళ్లీ రాకుండా ఏ మందు ఇవ్వాలో తేల్చుకోవచ్చు.

ఈ అయస్కాంతం కరెంటు పోయినా పనిచేస్తూనే ఉంటుంది. అందుకే గదిలోకి వెళ్లే ముందు అంతగా సతాయిస్తాం. తలలో ఆపరేషన్‌లో పెట్టిన క్లిప్పు, గుండెకు పేస్‌మేకర్, చెవిలో ఇంప్లాంట్ ఉంటే ఎన్నేళ్ల కిందటివైనా చెప్పండి. మొలతాడుకు కట్టిన తాయత్తు, జేబులో తాళాలు తీసేయించండి. అమ్మలు పుస్తెలతాడు తీయడానికి బాధపడతారు, వారిని తొందరపెట్టడం నాకు ఇష్టం ఉండదు. పసుపుతాడుకు పసుపుకొమ్ము కట్టుకుని వస్తే సరిపోతుంది. ఆ తాడుకు గుచ్చుకునే పిన్నీసులు బంగారం కన్నా ప్రమాదం, అవి ఇనుము.

ఈఈజీ బొమ్మ తీయదు. నెత్తి మీద అంటించిన ఎలక్ట్రోడ్లు మెదడు కణాల విద్యుత్తును గీతలుగా రాస్తాయి. జర్మనీలో హాన్స్ బెర్గర్ 1924లో మనిషి తల మీద దీన్ని తొలిసారి నమోదు చేశారు. వీణకు తీగలన్నీ ఉన్నా శ్రుతి తప్పవచ్చు కదా, మూర్ఛ కూడా అలాగే ఎమ్మారై బాగున్నవారికీ రావచ్చు. చెయ్యి అదరడం మూర్ఛ వల్ల కూడా కావచ్చు, అందుకే ఈఈజీ రాయడం సబబే.

ఆలోచనలు చదవడం గురించి. ఫంక్షనల్ ఎమ్మారైలో ఏ భాగం పనిచేస్తుంటే అక్కడికి రక్తప్రవాహం పెరగడం కనిపిస్తుంది. కణితి తీసే ముందు మాట, కదలిక ఏ చోట ఉన్నాయో చూసుకోవడానికి ఇది ఉపయోగపడుతుంది. మీ నాన్నగారి మనసులో ఏముందో మన ఆసుపత్రుల్లో ఏ స్కానూ చెప్పదు.

రిపోర్టులో "వయసుకు తగిన అట్రోఫీ" అని ఉంటే మెదడు కుంచించుకుపోయిందని ఇంట్లో ఏడవకండి. పెద్దవయసులో అది మామూలే. కొలతలకు కూడా ఆధారం కావాలి. సాఫ్ట్‌వేర్లు చాలాకాలం పాశ్చాత్యుల మెదళ్ల నమూనాతోనే పోల్చేవి. మన గచ్చిబౌలి ట్రిపుల్ ఐటీ పరిశోధకులు 2019లో వందమంది స్కాన్లతో భారతీయ మెదడు అట్లాస్, అంటే పోల్చి చూసే నమూనా, తయారుచేశారు. పాశ్చాత్యుల మెదడు కన్నా మనవారిది సగటున కొంచెం చిన్నదని అందులో తేలింది. చిన్నదిగా కనిపించిన ప్రతిదీ జబ్బు కాదు.

ఈఈజీకి ముందురోజు నాన్నగారికి తలస్నానం చేయించండి, తర్వాత నూనె రాయకండి. ఏవైనా మాత్రలు వాడుతుంటే డాక్టరు చెప్పకుండా ఆపకండి. మొదటి సీటీ ఫిల్ములు, సీడీ ఎమ్మారైకి వెంట తీసుకెళ్లండి. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే రేడియాలజిస్టు రాసే రిపోర్టు ఇంకా నిక్కచ్చిగా ఉంటుంది.