చేత్తో టీవీ టైటిళ్లు రాసేటప్పుడు

చిరంజీవి రమకు, పెదనాన్న ఆశీస్సులు.

పాతకాలం కథకు టీవీ టైటిళ్లు కంప్యూటర్ ముట్టకుండా చేత్తోనే రాస్తానన్నావు. సంతోషం. బ్రష్షు పట్టే ముందు కొలతలు చూసుకో. ఆ రోజుల తెర వెడల్పు, ఎత్తుల నిష్పత్తి 4:3. కెమెరా చూసే భాగం 12 అంగుళాల వెడల్పు, 9 అంగుళాల ఎత్తు అనుకుని, కార్డు మాత్రం చుట్టూ రెండేసి అంగుళాలు పెద్దది తీసుకో. ఇళ్లలో టీవీలు బొమ్మ అంచులు కొంత మింగేసేవి. అందుకే అక్షరాలన్నీ మధ్య 80 శాతంలోనే సర్దేవాళ్లం.

నల్ల కార్డు మీద తెల్ల అక్షరాలు రాయి. కెమెరాల బొమ్మలు కలిపే మిక్సర్ యంత్రంలో నలుపు పోయి, తెలుపు మాత్రం కింది బొమ్మ మీద నిలిచేది. నలుపు మీద వేలిముద్ర పడినా అదీ తెర మీదికొస్తుంది. నిగనిగలాడే కార్డు వద్దు, లైటు తిరగ్గొడుతుంది. దీపాలు రెండు పక్కల నుంచీ 45 డిగ్రీల ఏటవాలుగా పెట్టించు.

ఇంగ్లిష్‌కి లెట్రాసెట్ షీట్లు ఉండేవి, రుద్దితే అక్షరం కార్డుకి అంటుకునేది. తెలుగుకి నేను బ్రష్షూ పోస్టర్ కలరే వాడాను. అడ్డగీతలు సన్నగా గీయకు. ఆ రోజుల టీవీ బొమ్మను ఒకసారి బేసి గీతలు, మరోసారి సరి గీతలుగా గీసేది. సన్నగీత వాటిలో ఒకదాంట్లోనే పడి వణికేది. వత్తులకి కింద చోటు వదులు. అక్షరాల మధ్య ఎడం స్కేలుతో కాదు, కంటితో కుదురుతుంది. కార్డు తలకిందులుగా పెట్టి చూడు, ఎక్కడ ఇరుకైందో పట్టేస్తావు. తప్పుల కోసం మాత్రం ఇంకొకరిచేత చదివించు. ఒకసారి నేను ఒక పేరులో వత్తు మింగేశాను. అది ప్రసారమయ్యాకే కనిపించింది, ఆ రాత్రి నిద్ర లేదు.

పేర్లు ఒక్కొక్కటే రావాలంటే పెద్ద మాయేమీ అక్కర్లేదు. ఒక్కో వరుస మీద నల్ల పట్టీ కప్పి, పక్క నుంచి మెల్లగా లాగు. నలుపు మీద నలుపు కనిపించదు. పొడుగు జాబితా అయితే నల్ల కాగితం చుట్టను డ్రమ్ముకి చుట్టి తిప్పు. తిప్పేవాళ్లకి టెన్షన్‌లో చెయ్యి వేగం అందుకుంటుంది. పేర్లు పైకి చదువుకుంటూ తిప్పితే అదుపులో ఉంటుంది.

మొదటి కార్డు ఆరాక ఫొటో పంపు. ఫ్లాష్ వేయకు.

పెదనాన్న