శివారు మడికి నీళ్ల గొట్టం

చిరంజీవి అల్లుడికి, మావయ్య దీవెనలు.

గొట్టా బ్యారేజీ దగ్గర వదిలిన వంశధార నీరు మీ శివారుకు వచ్చేసరికి సన్నబడిపోతుంది. అందుకని ఉభాలు, అంటే నాట్లు, కాకముందే ఈ మాట చెబుతున్నాను. వరి మడిలో అన్ని రోజులూ నీరు నిలవక్కర్లేదు, వేళ్లకు తడి అందితే చాలు. ఆ తడి ఎంత లోతులో ఉందో తెలియాలంటే గొట్టం పాతుకో.

అడుగు పొడవు, నాలుగు నుంచి ఆరు అంగుళాల వెడల్పు పీవీసీ ముక్క తీసుకో. కింది ఎనిమిది అంగుళాలకీ చుట్టూ రంధ్రాలు పెట్టించు. ఆ భాగమంతా నేలలోకి దిగాలి, నాలుగు అంగుళాలు పైన ఉండాలి. లోపలి మట్టి గొట్టం కింది కొసదాకా తీసెయ్యి. గట్టుకు రెండు మూడు అడుగులు ఎడంగా, మరీ మెరకా పల్లమూ కాని చోట పాతు. నీరు పెట్టాక లోపలా బయటా ఒకే మట్టం రాకపోతే రంధ్రాలు పూడాయన్నమాట, పీకి కడుగు.

నాటాక రెండు మూడు వారాలు మాత్రం అంగుళమో రెండంగుళాలో నీరు ఉంచు, లేకపోతే కలుపు లేస్తుంది. ఆ తర్వాత ఆరనివ్వు. గొట్టం అంచు నుంచి పుల్ల దింపితే పది అంగుళాల దగ్గర నీరు తగలాలి, అంటే నేలకు ఆరు అంగుళాల కింద ఉన్నట్టు. అప్పుడు రెండంగుళాలు నిలిచేలా తడి పెట్టు. ఇసుక నేలైతే రోజూ చూడాలి. కాలవ నీటి వంతు వారానికోసారే అయితే పది అంగుళాలదాకా ఆగకు, వంతు రాగానే పెట్టేసుకో. గట్టుకు పీతల కన్నాలుంటే ఈ లెక్కలేవీ నిలవవు, ముందు బురద మెత్తించు.

యూరియా, నీరు దిగిన రోజే చల్లి వెంటనే తడి పెట్టు. నిండు మడిలో చల్లితే కొంత గాలిలో కలుస్తుంది, మదుం (గట్టులో నీరు పోయే దారి) తెరిచి ఉంటే మిగతాది పక్క మడికి పోతుంది.

వెన్ను తీయడానికి వారం ముందు నుంచి, పూత అయ్యాక ఇంకో వారందాకా ఆరబెట్టొద్దు. అప్పుడు బెట్ట తగిలితే తాలు గింజలే. శ్రీకాకుళం సన్నాల లాంటి దీర్ఘకాలిక రకాలు వానలు వెనకబట్టాక ఈనుతాయి, చెరువు నీరు కొంత వాటికి దాచుకో.

సముద్రం పక్క ఉప్పు నేలల్లో ఈ పద్ధతి వద్దు, ఆరితే ఉప్పు పైకొస్తుంది.

కోతకు పది, పదిహేను రోజుల ముందు నీరు తీసెయ్యి. మిషను దిగేలోపు గొట్టం పీకి కడిగి దాచు.