‘పదండి’ అంటే మామయ్య పాట పాడారు

చాటింగ్‌లో ఎదురైన అపార్థాల్లో, ఇప్పటికీ తలచుకుంటే నవ్వు వచ్చేది ఏదని అడిగారు. నాకు వెంటనే గుర్తుకు వచ్చేది మా మేనమామ పాట.

ఆ సాయంత్రం అందరం ఒక వేడుకకు వెళ్లాలి. అక్కడ పాడవలసిన పాటను మామయ్య రెండు రోజులుగా సాధన చేస్తున్నారని మా కుటుంబ వాట్సాప్ గ్రూపులో అందరికీ తెలుసు. కారు వచ్చి ఆగగానే మా వదిన అలవాటు ప్రకారం ఇంగ్లీషు అక్షరాలతో ‘ఇక పదండి మామయ్యగారూ’ అని మెసేజ్ పెట్టింది. నీలి టిక్కులు పడ్డాయి కానీ జవాబు రాలేదు. కాసేపటికి మూడు నిమిషాల వాయిస్ మెసేజ్ వచ్చింది. ఏమైందోనని కంగారుగా నొక్కితే, గొంతు సవరించుకుని పల్లవి నుంచి చివరి చరణం దాకా ఆయన శ్రద్ధగా పాడిన పాట వినిపించింది. వదిన ఫోన్ చేస్తే, ‘పాడండి అన్నావు కదమ్మా, ఎలా ఉంది?’ అని ఎంతో ఆప్యాయంగా అడిగారు.

తప్పు ఆయనది కాదు. ఇంగ్లీషు అక్షరాల్లో ద, డ రెండింటికీ ‘డి’ ఒక్కటే దిక్కు. దీర్ఘాన్ని విడిగా చూపేవారు అరుదు. కాబట్టి ‘పదండి’, ‘పాడండి’, ఆఖరికి ‘పడండి’ కూడా తెర మీద ఒకేలా ఉంటాయి, చదివేవారి మనసులో ఆ క్షణాన ఏముంటే అదే అర్థమవుతుంది. కంప్యూటర్లలో, ఫోన్లలో అక్షరాలకూ బొమ్మలకూ సంకేతాలు కేటాయించే ప్రమాణమైన యూనికోడ్‌లో తెలుగు లిపికి 1991 నుంచే చోటు ఉంది కాబట్టి తెలుగును తెలుగులోనే రాయమని నేను అందరినీ కోరుతుంటాను. వదిన ఆ రాత్రే తెలుగు కీబోర్డు పెట్టుకుంది.

మెసేజ్‌లలో పెట్టే ఎమోజీ బొమ్మల సంగతి వేరు. రాసినది హాస్యమని తెలియక కొందరు నిజమనుకుంటున్నారని, 1982 సెప్టెంబరు 19న అమెరికాలోని కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయంలో కంప్యూటర్ శాస్త్రవేత్త స్కాట్ ఫాల్‌మన్ రెండు చుక్కలు, అడ్డగీత, బ్రాకెట్ కలిపి నవ్వు ముఖాన్ని సూచించారు. అపార్థం పోగొట్టడానికి వచ్చిన ఆ బొమ్మల సంతతే మా ఇంట్లో ఇంకో అపార్థం తెచ్చింది. మోకాలి నొప్పి తగ్గలేదని మామయ్య రాస్తే, మా పిన్ని కళ్లు మూసుకుని నీటిచుక్క కారుతున్న ముఖాన్ని వరుసగా మూడుసార్లు పంపింది. ‘నా బాధ చెబితే నీకు నిద్ర వస్తోందా?’ అని ఆయన నొచ్చుకున్నారు. దగ్గరగా చూస్తే ఆ చుక్క కంటిది కాదు, ముక్కు దగ్గరి బుడగ. జపాన్ బొమ్మల కథల్లో నిద్రకు అది గుర్తు, యూనికోడ్ దానికి పెట్టిన పేరు కూడా నిద్రముఖమనే. ‘నేను ఏడుస్తున్నానన్నయ్యా’ అని పిన్ని నిజంగానే కళ్లు తుడుచుకుంది.

పిన్ని ఆ బొమ్మను మానలేదు. మా గ్రూపులో మాత్రం దానికి అర్థం కన్నీరే.